ఫోను చేయకండి, మేమే పిలుస్తాం

టీకా సూదికి వచ్చే ముందు చేయవలసినవి ఇవీ అని మునిసిపాలిటీవారు ఇంటింటికీ పంపిన కాగితంలో ఉంది:

భుజం బయటికి కనిపించేలా పొట్టి చేతుల చొక్కా తొడుక్కోవాలి. పరగడుపున రాకూడదు, ఏదైనా తిని రావాలి. గుర్తింపు కార్డు వెంట ఉండాలి. దగ్గో జ్వరమో ఉంటే ఇంట్లోనే ఉండిపోవాలి. చెప్పిన వేళకే రావాలి, ముందొచ్చి గుమిగూడకూడదు. సూది పడ్డాక ఇరవై నిమిషాలు కుర్చీలో కూర్చోవాలి, ఒక మనిషి చూస్తూ ఉంటారు. అన్నిటికన్నా కింద లావు అక్షరాలతో ఇంకొకటి ఉంది: మీ వంతు వచ్చేదాకా ఓపిక పట్టండి. దయచేసి ఫోను చేయకండి, మేమే పిలుస్తాం.

టోర్గిల్స్ ఇవన్నీ జనవరిలోనే సిద్ధం చేసుకున్నాడు. పొట్టి చేతుల చొక్కా అతని దగ్గర లేదు. అతనుండే చలి దీవిలో అలాంటి చొక్కాతో పని పడేది ఏడాదికి ఒక వారం, ఆ వారాన్ని కూడా నమ్మలేం. అందుకని ఉన్నవాటిలో మంచిదాన్ని తీసి, ఎడమ చేతిని మోచేతికి పైన కత్తిరించి, అంచు మడిచి కుట్టాడు. వలలు బాగుచేసిన చెయ్యి కాబట్టి కుట్టు తిన్నగానే వచ్చింది. కుడి చేతి జోలికి పోలేదు. సూది వేసేది ఒక్క చేతికే కదా, రెండోదాన్ని పాడు చేయడమెందుకు! గుర్తింపు కార్డును ఆ చొక్కా జేబులో పెట్టి, చొక్కాను తలుపు పక్కన కొక్కేనికి తగిలించాడు. కుర్చీలో కదలకుండా కూర్చోవడం కూడా గడియారం ముందు ఒకసారి చేసి చూసుకున్నాడు. అది ఏమంత కష్టంగా తోచలేదు. మిగిలింది ఓపిక పట్టడం. అది ఇంకా తేలిక అనుకున్నాడు.

స్కార్వోయ దీవిలో ఇళ్ళు పట్టుమని నలభై ఉండవు. టోర్గిల్స్ ఇల్లు చిట్టచివరిది. దాని తర్వాత రాళ్ళు, రాళ్ళ తర్వాత సముద్రం. మనిషికి ఎనభై నిండాయి. పెళ్ళి చేసుకోలేదు. ఎవరైనా ఆ మాట ఎత్తితే, "పడవకి ఇద్దరు చాలు, ఇంటికి ఒక్కడు చాలు" అనేవాడు. పడవలో ఆ రెండోవాడు హల్వర్డ్.

ఇద్దరూ మీసాలు రాని వయసులో ఒకే పడవ ఎక్కారు, జుట్టు తెల్లబడ్డాక ఒకే రోజున దిగారు. ముందు గదిలో చక్రం దగ్గర హల్వర్డ్, వెనక గేలపు తాళ్ళ దగ్గర టోర్గిల్స్, మధ్యన ఇంజను. ఆ రొదలో మాటన్నది పనికిరాదు. అందుకని ఒక సన్నటి తాడు కట్టుకున్నారు. దాని ఒక కొస టోర్గిల్స్ చేతిలో, రెండో కొస హల్వర్డ్ మణికట్టుకు. ఒకసారి లాగితే ఆగు. రెండుసార్లు లాగితే ముందుకు పోనీ. ఆ ఇద్దరూ జీవితంలో చెప్పుకున్న మాటల్లో సగం ఆ తాడు మీదుగానే నడిచాయి. మిగతా సగం గాలి ఎటు తిరుగుతుందన్న దాని గురించి.

తర్వాత హల్వర్డ్‌కు చూపు పోయింది. వినికిడి అంతకు ముందే ఇంజను తినేసింది. ఆ పైన మతి కూడా పలచబడుతూ వచ్చింది. పొయ్యి మీద గిన్నె మాడి ఇల్లు పొగతో నిండిన రోజున అవతలి ఒడ్డునున్న వృద్ధాశ్రమంలో చోటు అడిగారు. పెట్టె సర్దింది టోర్గిల్సే. ఉన్ని స్వెటర్లు, పొగాకు డబ్బా, పడవలో వాడుకున్న చిన్న సెల్‌ఫోను. ఫోను దేనికంటే, పడవ అమ్మేశారు, దాని గుర్తుగా ఏదో ఒకటి వాడి దగ్గర ఉండనీ అని. బొత్తాలు పెద్దవి, చేతికి తెలుస్తాయి.

ఆ తర్వాత గురువారం గురువారం లాంచీ ఎక్కి వెళ్ళేవాడు. వెళ్ళి పక్కన కూర్చుని మణికట్టు పట్టుకుని రెండుసార్లు లాగేవాడు. హల్వర్డ్ ముఖం విచ్చుకునేది. "వచ్చావా," అనేవాడు. అంతే. ఇద్దరూ సాయంత్రం లాంచీ వేళదాకా అలాగే కూర్చునేవారు.

అలా కొన్ని గురువారాలు గడిచాయో లేదో, మహమ్మారి వచ్చింది. ఆశ్రమం తలుపులు మూశారు.

ఒకసారి, మంచు ఇంకా కరగని రోజుల్లో, కిటికీ అవతల నిలబడి చూడొచ్చన్నారు. టోర్గిల్స్ వెళ్ళాడు. మోకాలిలోతు మంచులో నిలబడి చెయ్యి ఊపాడు. లోపల హల్వర్డ్ కుర్చీని కిటికీ వైపు తిప్పి పెట్టారు. అతని ముఖం అద్దం వైపే ఉంది గాని, అద్దానికి అవతల ఒక మనిషి ఉన్నట్టు ఆ ముఖానికి తెలీదు. అక్కడ పనిచేసే అమ్మాయి హల్వర్డ్ చేతిని పైకెత్తి తనే ఊపింది. టోర్గిల్స్ కూడా ఊపాడు. అది హల్వర్డ్ ఊపడం కాదని ఆ అమ్మాయికీ తెలుసు, ఇతనికీ తెలుసు. ఇద్దరూ కాసేపు మర్యాదగా ఊపుకున్నారు. తిరుగు లాంచీలో టోర్గిల్స్ టోపీ కళ్ళ మీదికి లాక్కుని కూర్చున్నాడు. మళ్ళీ కిటికీ దగ్గరికి పోలేదు.

కాబట్టి సూది మొదలైందని రేడియోలో విన్నప్పుడు అతనికి ఒక్కటే లెక్క. కొత్త నియమం ఆశ్రమం గుమ్మానికి అంటించారని లాంచీవాళ్ళు చెప్పారు: సూది పడి మూడు వారాలు దాటినవారు గదిలోకి వెళ్ళవచ్చు, పక్కన కూర్చోవచ్చు, చెయ్యి పట్టుకోవచ్చు. ఆ చివరి మాట కోసమే అతను చొక్కా చెయ్యి కత్తిరించాడు. అప్పటికే ఏడాది కావస్తోంది. మతి పలచబడే మనిషికి ఏడాదంటే ఎంతో అతనికి తెలుసు. తన పేరు హల్వర్డ్ తలలోంచి జారిపోకముందే ఆ చెయ్యి అందుకోవాలి.

ఇంట్లో ఫోను నడవాలో గోడకుంది, పాత తీగ ఫోను. చేపల షెడ్డుకు వెళ్ళినా తలుపు తెరిచే వెళ్ళేవాడు, మోగితే వినపడాలని. ఇల్లు చల్లబడిపోయేది. ఒకసారి పత్రికకు చందా కట్టమని ఎవరో పిలిస్తే, "లైను ఖాళీగా ఉంచాలమ్మా, ముఖ్యమైన పిలుపు రావాల్సి ఉంది" అని పెట్టేశాడు. తను మాత్రం ఎవరికీ చేసేవాడు కాదు. కాగితంలో వద్దని ఉంది. వద్దన్నాక చేస్తే, అదే నిమిషాన ఊపిరాడని మనిషెవరో లైను దొరక్క అల్లాడుతుంటే? అంత మాట పడలేడు.

ఫిబ్రవరి వెళ్ళింది. మార్చిలో దీవి జనం లాంచీ ఎక్కి అవతలి ఒడ్డుకు పోవడం, భుజం నొక్కుకుంటూ తిరిగి రావడం కిటికీలోంచి చూశాడు. మొదట తనకన్నా పెద్దవాళ్ళు. అది సరే. తర్వాత తన ఈడువాళ్ళు. అక్షరాల వరుసలో పిలుస్తున్నారేమో అనుకున్నాడు. తర్వాత డెబ్భై దాటని పొరుగాయన వెళ్ళాడు. ఆయనకి గుండెజబ్బు ఉండి ఉంటుంది, పాపం, ఎవరితోనూ అనలేదు. ఆయన భార్య వెళ్ళింది. ఆవిడకీ ఏదో ఉండి ఉంటుంది. దుకాణం నడిపే రాగ్నా వెళ్ళింది. నలుగురితో మసిలే మనిషి, ఆమెకు ముందు వేయడమే న్యాయం. మే నెల వచ్చేసరికి టోర్గిల్స్‌కు ఊరి మీద జాలి పుట్టింది. ఇంత చిన్న దీవిలో ఇంతమందికి ఇన్ని జబ్బులున్నాయని అతనికి ఇన్నాళ్ళూ తెలీదు. ఎవరినీ అడగలేదు. ఒంటి సంగతులు అడగడం ఆ తీరంలో మర్యాద కాదు.

దుకాణంలో కాఫీ బల్ల మళ్ళీ వేశారు. సూది పడినవాళ్ళు చుట్టూ చేరి పాత రోజుల్లోలా కబుర్లు చెప్పుకుంటున్నారు. టోర్గిల్స్ మెట్ల కింద ఆగేవాడు.

"అక్కడే ఆగు టోర్గిల్స్, సామాను మెట్టు మీద పెడతా," అనేది రాగ్నా.

"ఆగే ఉన్నా."

"ఇంకొంచెం వెనక్కి."

"ఇంకా వెనక్కంటే సముద్రంలో పడతా."

"పడు. ఈత కూడా రాదుగా నీకు."

"ఈత వస్తే మునగడం ఆలస్యమౌతుందంతే, అనేవాడు మా నాన్న. బంగాళాదుంపలు పెట్టావా?"

"పెట్టా. చీజు కూడా పెట్టా. గడ్డం గీసుకోవడం మానేశావేంటి, మేకలు వెంటపడతాయి."

"అవన్నా పడనీ."

లోపల నవ్వులు వినిపించేవి. అతను ఒక్క మెట్టు ఎక్కితే నవ్వులు ఆగిపోయేవి. అందరూ కప్పుల్లోకి చూసేవారు. పాపం, నోరు తెరిస్తే తుంపర్లు నా మీద పడతాయని ఎంత జాగ్రత్త పడుతున్నారో అనుకుని టోర్గిల్స్ సంచీ భుజానేసుకుని వెళ్ళిపోయేవాడు. దారిలో ఎదురైనవాళ్ళు కూడా గడ్డిలోకి దిగి మరీ తప్పుకునేవారు. వాళ్ళకు అతను చేతితో నమస్కారం చేసేవాడు.

ఇంటికొచ్చి ఉడికించిన చేప, దుంప తిని, ఫోను వైపు కుర్చీ తిప్పుకుని కూర్చునేవాడు. ఆ ఉత్తరపు కొసన వేసవిలో పొద్దు గుంకడం మానేసే రోజులవి. ఎంతసేపు కూర్చున్నాడో వెలుగును బట్టి తెలిసేది కాదు. చొక్కా కొక్కేనికి అలాగే వేలాడుతోంది, ఒక చెయ్యి పొడుగు, ఒక చెయ్యి పొట్టి. ఎవరో అవిటివాడు తోడుగా నిలబడ్డట్టుండేది. ఒక్కోసారి దానితోనే మాట్లాడేవాడు. "రేపు పిలుస్తారులే," అనేవాడు. చొక్కాకు ఓపిక ఎక్కువ, ఎదురు చెప్పేది కాదు.

జూన్‌లో ఒక పొద్దున రాగ్నాకు ఓపిక నశించింది. సామాను మెట్టు మీద పెట్టి, లోపలికి పోకుండా నడుం మీద చేతులు వేసుకుని నిలబడింది.

"ఒక మాట అడుగుతా. తిట్టుకుంటే తిట్టుకో. నీకు సిగ్గనిపించట్లేదా?"

"దేనికి?"

"అక్కడ హల్వర్డ్ చీకట్లో ఒక్కడూ కూర్చుని ఉంటే, నువ్వు ఒక్క సూదికి భయపడి ఇక్కడ కూర్చున్నావు. తుఫాన్లో పడవ మీద నిలబడ్డ మనిషివి! చీమ కుట్టినట్టుంటుంది, అంతే."

"ఏ సూది?"

"ఏ సూదేంటి, ఊరంతా వేయించుకున్న సూది!"

"నన్నింకా పిలవలేదు రాగ్నా."

వెనక కాఫీ బల్ల దగ్గర కప్పు సాసరు మీద పెట్టిన చప్పుడు వినిపించింది.

"పిలవలేదా? నీ ఈడువాళ్ళకి మార్చిలోనే అయిపోయింది. నాకు యాభై నాలుగు, నాకే పడింది! పిలవకపోతే ఫోను చేయవా?"

"చేయొద్దన్నారుగా."

"ఎవరు?"

"కాగితంలో. లావు అక్షరాలతో ఉంది."

"ఓరి దేవుడా. అడగందే అమ్మయినా పెట్టదు, మునిసిపాలిటీ పెడుతుందా? నువ్వు సూది వద్దన్నావని ఊరు ఊరంతా అనుకుంటోంది, తెలుసా? అందుకే ఎవరూ ఆ మాటెత్తలేదు."

"వద్దని నేనెప్పుడన్నాను? ఎవరూ అడగలేదే."

"అడిగితే బాగుండదని. నీ ఇష్టం నీది కదా అని. మరి అందరం లాంచీ ఎక్కిపోతుంటే నువ్వెందుకడగలేదు?"

"అడిగితే బాగుండదని," అన్నాడు టోర్గిల్స్.

ఇద్దరూ ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. రాగ్నా కళ్ళు తుడుచుకుంది. నవ్వొచ్చో, ఏడుపొచ్చో ఆమెకే తెలియాలి. అక్కడికక్కడే జేబులోంచి ఫోను తీసి మునిసిపాలిటీ నర్సుకు చేసింది. వద్దంటున్నా వినలేదు.

నర్సు పేరు గున్వోర్. పేరు చెప్పగానే ఆమె గొంతు కాస్త గట్టిపడింది. "టోర్గిల్సా? ఆయనకి మూడుసార్లు మెసేజి పంపాం. జవాబే లేదు. వద్దనుకున్నవాళ్ళని బలవంతం చేయకూడదు మేము."

"ఏ నంబరుకి పంపావు, చదువు," అంది రాగ్నా, ఫోను అందరికీ వినిపించేలా పెట్టి.

గున్వోర్ చదివింది. సగం చదివేసరికే టోర్గిల్స్ మిగతా సగం తనే చెప్పాడు. ఆ అంకెలు పడవ గదికి తనే తెల్ల రంగుతో రాశాడు.

"అది పడవ ఫోను," అన్నాడు.

"నీ పేరు మీదే ఉంది మరి," అంది గున్వోర్.

"నేనే కొన్నాను. పడవకి."

"పడవెక్కడ?"

"అమ్మేశాం."

"ఫోను?"

టోర్గిల్స్ అవతలి ఒడ్డు వైపు చూశాడు. "హల్వర్డ్ పెట్టెలో పెట్టాను," అన్నాడు చివరికి.

మరునాడు లాంచీలో గున్వోరే వచ్చింది, చల్లని డబ్బా ఒడిలో పెట్టుకుని. పడుచు పిల్ల. అవతలి దీవిలో వలలు వేసుకునే ఇంట పుట్టి, ఆ ఇంట మొదటిసారి కాలేజీ గడప తొక్కిన మనిషి. టోర్గిల్స్ తలుపు తీసేసరికి చొక్కా తొడుక్కుని ఉన్నాడు. ఆమె పొడుగు చేతిని చూసింది, పొట్టి చేతిని చూసింది. ఎడమ భుజానికి సూది వేసింది.

"అయిపోయిందా?"

"అయిపోయింది."

"చీమ కూడా కాదు," అన్నాడు.

ఆ తర్వాత ఇరవై నిమిషాలు ఆమె అతనికి ఎదురుగా కూర్చుంది. నియమం. ఏడాది పైగా ఆ ఇంట్లో ఇంకొక మనిషి కూర్చోలేదు. టోర్గిల్స్‌కు ఎక్కడ చూడాలో తెలియలేదు. కాఫీ పెడతానన్నాడు. లేవకూడదంది. తనే లేచి పెట్టింది.

"ఆ వాక్యం రాసింది నేనే," అంది కప్పు అందిస్తూ. "ఫోను చేయకండి, మేమే పిలుస్తాం అన్నది. రోజంతా ఫోన్లు మోగిపోయేవి. జ్వరమొచ్చినవాళ్ళకి లైను దొరికేది కాదు. అందుకని రాశాను. పిలుపు అందనివాళ్ళు ఏం చేయాలో రాయడం తోచలేదు."

"వాక్యం బాగానే ఉంది. నేనే మరీ బాగా పాటించాను."

ఆమె నవ్వలేకపోయింది. "ఆశ్రమంవాళ్ళతో మాట్లాడతాను. నీ సంగతి చెప్తే ఇవాళే లోపలికి పంపుతారు."

టోర్గిల్స్ భుజం వైపు చూసుకున్నాడు. ఆశ చటుక్కున లేచింది, లేచినంత సేపు పట్టలేదు దాన్ని కూర్చోబెట్టడానికి.

"మూడు వారాలని ఉందిగా."

"ఉంది. కానీ..."

"ఇన్నాళ్ళు ఆగింది దేనికి? నా వల్ల వాడికి ఏ జబ్బూ పట్టకూడదని. మూడు వారాలు ఆగలేనా?"

ఆమె వెళ్ళేటప్పుడు అతని తీగ ఫోను నంబరు రెండుసార్లు చదివించుకుని రాసుకుంది.

ఆ మూడు వారాలూ రాగ్నా కాఫీ మెట్ల దగ్గరికే తెచ్చేది. తను పై మెట్టు మీద, అతను కింద రాతి మీద. "ఈ దూరం నియమం తీసేస్తే మనమేం చేయాలి?" అనేది. "ఇంత దగ్గరగా కూర్చోవడం మన తాతల నాటి నుంచీ అలవాటు లేదు, మళ్ళీ ఇంకా దూరం జరగాల్సిందే." టోర్గిల్స్ నవ్వేవాడు. నవ్వు మధ్యలో అవతలి ఒడ్డు వైపు చూసేవాడు.

జూలైలో, ఒక గురువారం, గడ్డం గీసుకుని లాంచీ ఎక్కాడు.

ఆశ్రమంలో ఆనాడు కిటికీలోంచి చెయ్యి ఊపిన అమ్మాయే ఎదురొచ్చింది. గది చూపించింది. హల్వర్డ్ కిటికీ పక్క కుర్చీలో ఉన్నాడు. చిక్కిపోయాడు. ఒడిలో రెండు చేతుల మధ్య పడవ ఫోను ఉంది, పిట్టపిల్లను పట్టుకున్నట్టు.

"దాన్ని వదలడు," అంది అమ్మాయి గొంతు తగ్గించి. "ఛార్జి అయిపోతే అన్నం కూడా తినడు. ఎప్పుడో గాని మోగదులే. వసంతంలో మూడు నాలుగు సార్లు గుర్రు గుర్రుమని వణికింది. అప్పుడల్లా లేచి కూర్చుని, టోర్గిల్స్ లాగుతున్నాడు, ముందుకు పోనీ, అనేవాడు. ఆ పూటంతా హుషారే."

టోర్గిల్స్ గోడకు చెయ్యి ఆనించాడు. "ఆ మెసేజి ఎవరూ చదవలేదా?"

"పరాయి మనిషి ఫోను కదా. మేం చదవకూడదు."

అతను తలూపాడు. అదీ నియమమే. అలా ఉండటమే సరి.

కుర్చీ లాక్కుని పక్కన కూర్చున్నాడు. హల్వర్డ్ మణికట్టు అందుకున్నాడు. ఏడాదిన్నర ఎదురుచూసిన మణికట్టు, పుల్లలా ఉంది. రెండుసార్లు లాగాడు.

హల్వర్డ్ ఉలిక్కిపడ్డాడు. "ఎవరది? డాక్టరా?"

"నేనే. టోర్గిల్స్‌ని!" చెవి దగ్గర అరిచాడు. ఆ అరుపు నడవ దాకా పోయింది గాని హల్వర్డ్ దాకా పోలేదు. అతను మాత్రం పట్టుకున్న ఆ చేతిని తడిమాడు. అరచెయ్యి, వేళ్ళ కణుపులు, బొటనవేలి మొదలు, ఓపికగా తడిమాడు.

"మెత్తగా ఉంది," అన్నాడు హల్వర్డ్. "గుమాస్తా చెయ్యి."

టోర్గిల్స్ తన చేతిని చూసుకున్నాడు. తాళ్ళు ఒరిసి చెక్కలా ఉండే అరచెయ్యి అది. తాళ్ళు మానేసి చాలా ఏళ్ళయింది. మిగిలిన కాయలను ఈ ఏడాదిన్నర కరిగించేసింది. తరచుగా చేతులు కడుక్కోండి అని ఇంకో కాగితంలో ఉంటే, గిన్నె పట్టినా కడిగాడు, తలుపు ముట్టినా కడిగాడు, ఎవరూ రాని ఇంట్లో ఒక్కడే కూర్చుని కూడా కడిగాడు.

మళ్ళీ రెండుసార్లు లాగాడు.

"వదులు బాబూ," అన్నాడు హల్వర్డ్, చిరాకు లేకుండా, పరాయివాళ్ళతో మాట్లాడే మర్యాదతో. చెయ్యి విడిపించుకుని ఫోను మీద వేసుకున్నాడు. "టోర్గిల్స్ వెనక పనిలో ఉన్నాడు. పిలుస్తాడు. నేను చూసుకుంటూ ఉండాలి."

టోర్గిల్స్ అక్కడే కూర్చున్నాడు. అరచెయ్యి మోకాలి మీద పెట్టుకుని. మనిషి పక్కనే ఉన్నాడు. కిటికీ లేదు, మంచు లేదు, మూడు వారాలూ అయిపోయాయి, ఎక్కడా ఏ గీతా దాటలేదు. పక్కనే ఉన్న ఆ మనిషి తన కోసమే ఎదురుచూస్తున్నాడు. తను మాత్రం అక్కడ లేడు.

లాంచీ వేళవుతోంది. లేచి నడవాలోకి వచ్చాడు. అమ్మాయి బల్ల మీద ఆశ్రమం ఫోను ఉంది.

"ఒక ఫోను చేసుకోవచ్చా?" అని అడిగాడు. ఆ మాట అడగడానికి అతను చాలా బలం కూడదీసుకున్నాడు.

"చేసుకో, దానికేం."

పడవ గది మీద తను రాసిన అంకెలు ఒక్కొక్కటే నొక్కాడు. తెరిచిన తలుపులోంచి హల్వర్డ్ కనిపిస్తున్నాడు. ఒడిలో ఫోను వణికింది. ఒకసారి. ఇంకోసారి. టోర్గిల్స్ పెట్టేశాడు.

కుర్చీలో హల్వర్డ్ నిటారుగా అయ్యాడు. గుడ్డి కళ్ళు కిటికీ వైపు, వెలుగు వైపు తిరిగాయి. ముఖం విచ్చుకుంది.

"సరే," అన్నాడు. "పోదాం." చక్రం తిప్పుతున్నట్టు కుడి చెయ్యి కొద్దిగా కదిలింది.

నడవాలో టోర్గిల్స్ చొక్కా పొడుగు చేతితో ముఖం తుడుచుకుని లాంచీకి నడిచాడు.

ఆ రోజు నుంచి ప్రతి సాయంత్రం, భోజనం గిన్నె కడిగాక, గోడ ఫోను దగ్గరికి వెళ్ళేవాడు. ఎవరికీ ఫోను చేయని మనిషి, రోజూ చేసేవాడు. రెండు మోతలు, అంతే, పెట్టేసేవాడు. గురువారాలు వెళ్ళి పక్కన కూర్చునేవాడు కూడా. హల్వర్డ్ అతన్ని "మెత్తని చేతులాయన" అనేవాడు, వాతావరణం అడిగేవాడు. టోర్గిల్స్ అరిచి చెప్పేవాడు. ఈశాన్యం నుంచి గాలి, రేపటికి తిరుగుతుంది. వినపడకపోయినా హల్వర్డ్ తలూపేవాడు. దీవికి తిరిగొచ్చాక సాయంత్రం రెండు మోతలు. అప్పుడు, అవతలి ఒడ్డున, తను లేని గదిలో, టోర్గిల్స్ వచ్చేవాడు.

శరదృతువులో ఒక సాయంత్రం రెండో మోత పూర్తి కాకముందే అవతల ఎవరో ఎత్తారు. ఆ అమ్మాయి.

"ఇందాకే," అంది. "బాధేం పడలేదు. ఫోను చేతిలోనే ఉంది."

"సరే," అన్నాడు టోర్గిల్స్. ఆ పైన, "థాంక్స్" అన్నాడు. పెట్టేసి నడవాలో నిలబడ్డాడు. ఇల్లు ఎప్పటిలాగే నిశ్శబ్దంగా ఉంది. ఇన్నాళ్ళూ ఆ నిశ్శబ్దానికి ఒక కొస అవతలి ఒడ్డున ఎవరి చేతిలోనో ఉండేది.

రెండో సూది కూడా అయిపోయి, పెద్దవాళ్ళకు మూడో సూది మొదలైనప్పుడు మునిసిపాలిటీ కొత్త కాగితం పంపింది. అందులో కింద వాక్యం మారింది: పిలుపు అందకపోతే ఫోను చేయండి, మొహమాటపడకండి. కాగితం అందిన పొద్దున్నే టోర్గిల్స్ ఇంట్లో ఫోను మోగింది. దీవిలో మొదటి పిలుపు అతనిదే. గున్వోర్ వేరెవరికీ అప్పగించకుండా తనే చేసింది. టోర్గిల్స్ పక్కనే ఉన్నాడు, చెయ్యి రిసీవరు మీదే ఉంది. అయినా వెంటనే ఎత్తలేదు. ఒక మోత పోనిచ్చాడు. రెండో మోత కూడా పోనిచ్చాడు. అది ఆగిపోలేదని, ఇంకా మోగుతోందని రూఢి అయ్యాకే ఎత్తాడు.

మీ వీధిలో అందరికీ అందిన కబురు ఒక ఇంటికి అందకపోయి ఉండవచ్చు. ఆ ఇంట్లోవాళ్ళు అడగరు, మీకూ అడగడం బాగుండదనిపిస్తుంది. అప్పుడు స్కార్వోయ దీవి చివరింట్లో, ఒక చెయ్యి పొట్టి చొక్కాతో ఫోను ముందు కూర్చున్న టోర్గిల్స్‌ను ఒక్కసారి గుర్తు చేసుకోండి. అతను ఎవరినీ ఏదీ అడిగే మనిషి కాడు. అతని తరఫున నేను అడుగుతున్నాను.